అక్క ఏడుపు

హలో… ఆ, నేనే. ఆదెమ్మనే. ఎవరూ?

సిద్దికానా… ఏ సిద్దికా… ఓ, అక్క దగ్గరుండే సిద్దికావా. జయరావు చెప్పేవాడు నీ సంగతి. ఇరవై ఏళ్ళబట్టి మా అమ్మని కనిపెట్టుకుని ఉంది పిన్నీ అని. ఏందమ్మా, ఎప్పుడూ లేంది… హైదరాబాదు నించేగా?

ఆగాగు, వినపడట్లా. మిరప కల్లంలో ఉన్నా, పాడైన తాలుకాయలు ఏరతన్నాం… ఒసేయ్, కాసేపు నోళ్ళు మూసుకోండే, ఫోనొచ్చింది… ఆ, చెప్పు.

…

ఎవరు?

…జయరావా? మా జయరావా? …ఎప్పుడు?

కాదమ్మా. మొన్న ఆదివారం మాట్లాడాడు నాతో. చర్చి నించొచ్చి అన్నం తింటంటే చేశాడు. పిన్నీ, ఈ ఏడు పండుమిరప పచ్చడిలో చింతపండు తగ్గించు అన్నాడు… యాభై రెండేళ్ళేనమ్మా వాడికి.

ఊ… ఊ… కూర్చున్నాలే. బస్తా మీద కూర్చున్నా. చెప్పు.

నిన్న పొద్దున పోతే ఇయ్యాలా చెప్పేది? …అక్క వద్దందా. ఊళ్ళో ఎవరికీ చెప్పబాకండి అందా… అనుద్దిలే. అనడానికి దానికి హక్కుంది.

ఎన్నింటికి తీస్తారు? …పదకొండుకా. ఇప్పుడే పదిన్నరాయె. నేను గుంటూరు పోయి బస్సెక్కేసరికే అక్కడ అయిపోద్ది. ఎట్టా అందుకుంటా తల్లీ. మరెందుకు చేశావు నాకు…

…

ఏడవలేదా? నిన్నటి నించీనా? …మంచినీళ్ళు కూడా ముట్టలా… డాక్టరేమన్నాడు? …ఆ. లోపలే బిగబట్టుకుంటే ఆ గుండె తట్టుకోలేదన్నాడా. డెబ్బై ఎనిమిదేళ్ళ మనిషి, అన్నాడంటే అనడూ.

టీవీలోనా? ఏం చూపిస్తన్నారు? …

కొడుకు పోయాడని చెప్తా, పక్కన సినిమాల్లో దాని ఏడుపు సీన్లు వేస్తన్నారా. నవ్వుల మ్యూజిక్కుతో సహా… వీళ్ళ నోట్లో మన్నుబడ. అక్క చూసిందా? …చూసింది. ఆపేశావుగా. మంచి పని చేశావు.

…అందుకేనమ్మా ఏడవట్లా. నీకు తెలీదు. జయరావుకీ తెలీదు. నన్నడిగాడు వాడు, మా అమ్మ ఎందుకేడవదు పిన్నీ, నాన్న పోయినప్పుడు కూడా ఏడవలా, అడిగితే ఉన్నదంతా సినిమాల్లోనే అయిపోయిందిరా అంటది అని. తెలిసి కూడా ఏమో నాయనా అన్నా. సిగ్గులేకుండా అన్నా.

నాకు కాదు చెప్పేది. ఫోను దానికియ్యి… నా పేరు చెప్పబాకు, చెప్తే తీసుకోదు. స్పీకరు నొక్కి ఊరికే చెవి దగ్గర పెట్టు. అందరినీ బయటికి పొమ్మను. సినిమావాళ్ళనీ పొమ్మను, ఎంత పెద్దవాళ్ళైతే నాకేంది. తలుపెయ్యి.

…పెట్టావా?

అక్కా.

నేను… తోసెయ్యబాకు. తిట్టాలనుంటే తర్వాత తిట్టు… సువార్తక్కా…

సిద్దికా, వింటందా? …ఆ. చాలు. కళ్ళు మూసుకుంటే మూసుకోనియ్యి.

ముప్పై ఆరేళ్ళైందక్కా మనం మాట్లాడుకుని. అందరికీ నువ్వు కుసుమలతవి. పోస్టర్ల మీద పేరు చూసి ఇదెవరో అనుకునేదాన్ని. నాకు పత్తిచేలో సువార్తక్కవే. కూలికెళ్తే మధ్యాహ్నం అన్నాల దగ్గర ఊళ్ళో ఆడోళ్ళ ఏడుపులన్నీ ఏడ్చి చూపించేదానివి. కరణంగారి భార్య ఒక తీరు, పీరు వాళ్ళమ్మ ఒక తీరు. చిట్టచివర మన అమ్మ. కొంగు నడుముకి దోపి, గుండెల మీద రెండు బాదుకుని, ఓ నాయనో అని పైకెత్తి… మధ్యలో ఆగి, ఒసే ఆదీ, గేదెకి కుడితి పెట్టావా అని అడిగి, మళ్ళీ అందుకునేది. నాన్న పోయినప్పుడు అచ్చం అట్టానే ఏడ్చిందిగా. గేదెనీ వదల్లా, నాన్ననీ వదల్లా.

ఆ ఏడుపుతోనే చీరాల నాటకాల్లోకి పోయావు. ఆ ఏడుపుతోనే మెడ్రాసు పోయావు. మొదటి సినిమాలో మొగుడు చచ్చాడని ఏడుస్తా మధ్యలో పాలు పొంగాయేమో చూసొస్తావే… హాలంతా ఈలలు. అమ్మని నేనే తీసుకెళ్ళా. చుట్టూ జనం పొట్టలు పట్టుకుని నవ్వుతంటే, అమ్మ నా చెయ్యి పట్టుకుని ఏమందో తెలుసా? నా ఏడుపు నా కూతురికి అన్నం పెట్టిందే అంది. నవ్వుతా ఏడ్చింది.

తర్వాత ఎన్ని సినిమాల్లో ఏడ్చావు… నూటయాభయ్యా? ఎవరి చావైనా నిన్నే పిలిచేవాళ్ళు. ఒక్కసారి నవ్వించేది కాకుండా నిజంగా ఏడ్చే తల్లి వేషం ఇచ్చారు. దాన్ని చూడ్డానికి నువ్వు గుంటూరు వచ్చావు. తెర మీద నీ కొడుకు చచ్చిపోయాడు, నువ్వు ఏడ్చావు, హాలు హాలంతా నవ్వింది. వారం తిరక్కముందే ఆ సీను కోసి పారేశారు. నాకు ఉత్తరం రాశావు. ఆదీ, నా ఏడుపు ఎవరూ నమ్మట్లేదే అని రాశావు.

నేను నమ్ముతానే అక్కా అని తిరిగి రాశా. రాశానుగా…

…

అమ్మ పోయిన రోజు చెప్తానక్కా. నువ్వు వినాలి. లేవబాకు.

నీ కారు వచ్చింది, జయరావు లేకుండా నువ్వొక్కదానివే దిగావు. అమ్మని చూడ్డానికి కాదు, నిన్ను చూడ్డానికి నాలుగూళ్ళ జనం దిగారు. గోడలెక్కి కూర్చున్నారు. నువ్వు ఎవరినీ చూళ్ళా. వచ్చి అమ్మ మీద పడి మొదలుపెట్టావు. ఓ యమ్మో, నన్ను కన్న తల్లో అని… అది అమ్మ ఏడుపే. ఇంకేం ఏడుస్తావు, మనకి తెలిసిన ఏడుపు అదొక్కటే.

ఒక మాట అని ఆగావు. నా కోసం ఆగావు. అక్క ఒక మాట అని ఆగితే, చెల్లెలు మెడ పట్టుకుని రెండోది అందుకోవాలి. అది మన ఆడోళ్ళ పద్ధతి. పక్కనే ఉన్నాను. అందుకోవాల్సింది నేను.

నువ్వు ఆగేసరికి… నాకు సినిమా గుర్తొచ్చిందక్కా. ఇప్పుడు పాలు చూడ్డానికి లేస్తావు అనిపించింది. నవ్వొచ్చింది. కొంగు నోట్లో కుక్కుకున్నా, ఆగలా. బయటపడింది. దాంతో గోడ మీదోళ్ళు, వాకిట్లో వాళ్ళు, అందరూ…

పిల్లలు నవ్వారని చెప్పుకున్నాను ఊళ్ళో. ఈ ముప్పై ఆరేళ్ళూ పిల్లల మీదికే నెట్టాను. ముందు నవ్వింది నేను. నువ్వు తలెత్తి నన్నే చూశావు. నీకు తెలుసు. నీకు తెలుసని నాకూ తెలుసు. లేచి ముఖం కడుక్కుని, అమ్మ పెట్టె మూతపడకుండానే వెళ్ళిపోయావు. ఒక్క మాట అన్లా. తిట్టినా బాగుండేదక్కా. చెంప మీద కొట్టినా బాగుండేది.

…

మాట్లాడవద్దులే. నాకు క్షమాపణ వద్దు. ఇయ్యాల నా సంగతి కాదు.

జయరావు పోయాడక్కా.

వాడు నీకు తెలియకుండా ప్రతి ఆదివారం నాకు చేసేవాడు. నీ సంగతులన్నీ చెప్పేవాడు. ఇయ్యాల అమ్మ పుల్లట్లు తిన్నది, ఇయ్యాల అమ్మ మోకాలు నొప్పి అంది అని. మనిద్దరికీ మధ్యన వాడొక్కడే… వాడు పోతే నేను ఎవర్ని అడగాలి నీ సంగతి?

అక్కా, ఇయ్యాల నువ్వు మొదలుపెట్టొద్దు. నేను మొదలుపెడతా. నువ్వు అందుకో.

ఇక్కడ నావంకే చూస్తన్నారు కల్లంలో వాళ్ళు. చూస్తే చూడనీ. ఒసేయ్, ఒక్కత్తి నవ్విందంటే ఈ మిరపకాయల్లోనే పాతిపెడతా.

ఓ నాయనా జయరావో… ఎవరికి అప్పజెప్పి పోయావురా మీ అమ్మని… ఓ నా తండ్రో…

…

అందుకో అక్కా.

…

ముసలిదాన్ని నేనుండగా నీకేం తొందరొచ్చిందిరా నాయనా… ఆదివారం అన్నం దగ్గర కూర్చుంటే పిన్నీ అని ఎవరు పిలుస్తార్రా నా కొడుకో…

…

…సిద్దికా, ఏమైనా… పెదాలు కదులుతున్నయ్యా? మాట్లాడించబాకు. ఊరుకో.

నాయనా జయరావో… నిన్ను ఎత్తుకున్నది చిన్నప్పుడేరా, ముప్పై ఆరేళ్ళుగా నీ తల మీద చెయ్యి పెట్టలేదురా, దూరం నించే…

…

ఊ.

ఊ… విన్నా. విన్నానక్కా. అదే. గట్టిగా.

…నీ ఒళ్ళో పెరిగినోడేనక్కా, అవును… నీ చేత్తో లాల పోసినోడే… ఓ నాయనో…

ఆగు, ఆగినా పర్లేదు, నేనున్నా. నేను అందుకుంటా. నీ ఒక్క కొడుకక్కా… నీ కంటి వెలుగక్కా…

ఊ… ఏడువు. అమ్మ లాగే ఏడువు. నవ్వట్లేదు నేను. కళ్ళు తుడుచుకుందామన్నా చేతుల నిండా కారం, కారనిస్తన్నా.

…ఎవరు, తలుపు కొడతన్నారా? టైమైందనా? ఆగమను. ఇంకాసేపు ఆగమను సిద్దికా, వాళ్ళమ్మ ఏడుస్తందని చెప్పు.

నువ్వేడవబాకు తల్లీ, దాన్ని పట్టుకో. పడిపోద్ది… ఒక చేత్తో ఎట్టా పట్టుకుంటావు. ఫోను పక్కన పెట్టు. జయరావు దగ్గర పెట్టు… కట్ చెయ్యబాకు. రెండు చేతులతో మెడ పట్టుకో. నేను ఇక్కణ్ణించి అందుకుంటా.