నడిచేవాడి నంబరు

కండ్లు మూసుకుంటే నిద్రపోయినావని నమ్ముతాననుకున్నావా? నీ దొంగ నిద్ర నాకు తెలీదా ఏంది. దవడ అతికేదాకా మాట్లాడించొద్దన్నాడు డాక్టరు. సరే, మాట్లాడమాక. చెవులకు దెబ్బేం తగల్లేదు గదా, విను.

పొట్టేలు బేరముంది, పొదిలి పోతన్నా అని చెప్పి ఇంట్లోంచి పోయినావు. కంభం అవతల రోడ్డు మీద ఎట్ల దొరికినావయ్యా? పొదిలి అటా? తప్పిపోయిన గొర్రెను చీకట్లో కూడా పట్టుకొచ్చే మనిషివి, బస్సెక్కేటప్పుడు దిక్కు మర్చిపోయినావా?

పొద్దున కాంపౌండరు కృపావరం వచ్చినాడు, నువ్వు మూలుగుతుంటే. మెత్తగా మాట్లాడతాడు. మెత్తగా మాట్లాడేవాళ్లంటేనే నాకు భయం. ఆంధ్ర రాష్ట్రం వచ్చినాక, ఏ మనిషికి ఏ దెబ్బ తగిలిందో నంబరు వేసి కర్నూలుకు పంపాలంట. రాజధాని మన జిల్లాకొచ్చిందని సంబరపడితిమి గదా, ఇదీ దాని సంగతి. మంచం లేదని మొదటి రాత్రంతా నిన్ను వరండాలో పండబెట్టినారు, నంబరు వేసేదానికి మాత్రం తొందర.

బస్సు దెబ్బ అంటే చాలదంట. "శ్రీశైలమ్మా, యల్లయ్య రోడ్డున నడుస్తుంటే బస్సు గుద్దిందా, బస్సులో పోతా జారిపడినాడా? నడిచేవాడికి ఒక నంబరు, బస్సులో ఉన్నోడికి ఇంకో నంబరు" అన్నాడు. ఎట్లయినా విరిగింది అదే దవడ గదయ్యా అన్నా. "దవడకు వేరే నంబరుందమ్మా, ఇది ఎట్ల విరిగిందనే దానికి" అన్నాడు.

ఆ మాట పోలీసులకు కూడా పోతదంట. నడుస్తన్నావంటే తప్పు డ్రైవరుది. బస్సులో ఉన్నావంటే, ఎవరు చూసినారు, పక్కన ఎవరున్నారు, వాళ్ల పేర్లేంది, అన్నీ అడుగుతారంట.

పక్కన ఎవరున్నారయ్యా?

చూడు, గుటక మింగినావు.

నిన్న కండక్టరు బత్తాయిలు తెచ్చినాడు. ఎందుకు తెచ్చినాడు? నీ మీద ప్రేమా? వాళ్ల డ్రైవరును కాపాడుకునేదానికి. నేను ముట్టుకోలేదు, పక్క మంచం ముసలాయనకిచ్చినా. వాడు నిలబడి చెప్పినాడు గదా, "ఈయన మా బస్సే ఎక్కినాడమ్మా. మార్కాపురంలో ఎక్కి కొమరోలుకు టిక్కెట్లు తీసుకున్నాడు. జనం కిక్కిరిసి ఉంటే ఆమెను, బిడ్డను లోపల కూర్చోబెట్టి తాను తలుపు కాడ వేలాడినాడు. లోపలికి రమ్మంటే వినలేదు. మలుపులో చెయ్యి జారింది" అని.

ఆమెను. బిడ్డను. ఎంత తేలిగ్గా అన్నాడో చూడు.

ఎవరామె అన్నా. వాడు నన్ను పైనుంచి కిందికి చూసి, "మీరు ఆయనకు అక్కగారనుకున్నా" అన్నాడు. అక్కనంట. నువ్వు పడితే ఆమె గుండెలు బాదుకొని ఏడ్చిందని కూడా చెప్పినాడు. అది నేను అడగలేదు.

నీ రొంటి మూట ఆయా మస్తానమ్మ నా చేతిలో పెట్టింది. పొగాకు, సున్నపుకాయ, వాటి నడుమ నల్లగాజులు. నాలుగు వేళ్లు కలిపి దూరిస్తే దూరలేదయ్యా, అంత చిన్నవి.

బిడ్డల కోసం ఇన్నేళ్లు నేను మొక్కని దేవుడున్నాడా? త్రిపురాంతకం కొండెక్కినా. నువ్వూ ఎక్కినావు, నా పక్కనే నిలబడి దండం పెట్టినావు. అప్పుడు ఎవరి కోసం మొక్కినావో ఇప్పుడు అనుమానమొస్తంది.

మద్యాన్నం కృపావరం మళ్లా వచ్చినాడు. ఎనకాలే డ్రైవరు. కొండయ్యంట, పెద్ద మనిషి, తల నెరిసింది. చేతులు కట్టుకొని, "నిజం చెప్పమ్మా, చాలు" అన్నాడు. ఇంకేం అడగలేదు. మోసం ఉందేమోనని ఆయన మొకమంతా ఎతికినా. లేదు. దాంతో నాకు ఇంకా ఒళ్లు మండింది.

నడుస్తన్నాడు అని చెప్పినా.

ఏంది అట్ల చూస్తావు? నడుస్తన్నాడు, ఒక్కడే పోతన్నాడు, బస్సొచ్చి గుద్దింది అని చెప్పినా. వేలిముద్ర కూడా వేసినా. కండక్టరు ఎంత మొత్తుకున్నా డ్రైవరు మనిషి గదా అంటారు. కొమరోలు ఆమె సాక్ష్యానికి రాదు. వస్తే యల్లయ్యకు నువ్వేమవుతావని ఆమెను అడుగుతారు, ఏం చెప్తది?

ఆ బిడ్డ ఆడో మగో కండక్టరు చెప్పలేదు. నేనూ అడగలేదు. నీ నోరు బాగైనాక కూడా నాకు చెప్పమాక. చెప్తే నేను తట్టుకోలేను.

కొండయ్యను జైల్లో పెడతారేమో. ఆయన తప్పేం లేదని నాకు తెలుసు. ఆయనకూ ఇంట్లో ఆడమనిషి ఉంటది, నన్ను తిట్టిపోస్తది, తిట్టనీ. నేనేం చేసేది? ఆమె మొగుడు జైల్లో ఉన్నా ఆమె మొగుడే. నేను మళ్లా మనూరు పోవాల, బావి కాడ నలుగురిలో నీళ్లు తోడుకోవాల.

ఇటు తిరుగు. గంజి చల్లారిపోతంది.