దండేసిన ఫొటో వేషం

కొత్తకోటలో హైదరాబాద్ బస్సెక్కిన ముసలాయనను పక్కసీటు కాలేజీ పిల్ల తేరిపార చూసింది.

“తాతా, సీరియల్ల గోడమీద దండేసిన ఫొటో నువ్వే గద?”

“నేనే బిడ్డా. మూడేండ్లసంది గదే వేషం.”

“మాటలుండవా?”

“కోడలు ఏడ్చినప్పుడు దండ జర ఊగుతది, గంతే. రేపు బతికిస్తమని పిలిచిండ్రు.”

“అయ్యో, వద్దు తాతా! మా అమ్మ పరేషాన్ అయితది. ఏటా పెత్రమాసకు సచ్చిపోయిన మా పెద్దలతోపాటు నీక్కూడ ఇస్తారేసి బువ్వ పెడ్తది.”

“నాకా? ఏం వండుతది?”

“భక్షాలు, గారెలు, పచ్చిపులుసు.”

“ఫొటోకు షూటింగుల బువ్వ గూడ పెట్టరు బిడ్డా.”

“మరి రేపెట్ల?”

“బతకనని ఇప్పుడే ఫోన్ చేస్త. ఈసారి పెత్రమాస ఎన్నడు?”