ఆరువందల మీటర్ల లోపు

యూట్రెక్ట్ పట్నానికి తూర్పున, 1886 జూన్ నెలలో ఒక శనివారం మధ్యాహ్నం. కోట ఎదుటి పొలాల్లో డీవర్ అనే విధవరాలి చెక్క ఇల్లు. కోట కావలిదారు బారెండ్ ఆ ఇంటి చీజు గదిలో నిలబడి గోడని వేళ్ళతో తట్టాడు, చెవి ఆనించాడు, మళ్ళీ తట్టాడు.

“ఇక చాలు బారెండ్ గారూ, గోడకి నొప్పి పుడుతుంది.”

“నొప్పి పుట్టింది నా వేళ్ళకి. డీవర్ గారూ, ఇది చెక్కేనా?”

“కళ్ళు లేవూ? పలకలు కనబడటం లేదూ? తారు పూయించి మరీ కొట్టించా.”

“పలకలు కనబడుతూనే ఉన్నాయి. పలకల వెనకాల ఏముంది?”

“వెనకాల బయలుంది. బయల్లో ఆవులున్నాయి.”

“పలకకీ ఆవుకీ మధ్యన?”

“కాఫీ తాగుతారా?”

“తాగుతా. తరవాత. మధ్యన ఇటుక ఉంది, అవునా?”

“కొంచెం.”

“కొంచెమంటే?”

“అడుగున కొంచెం. అర మీటరు దాకా ఇటుక పెట్టుకోవచ్చని చట్టం చదివి వినిపించింది మీరే కదా?”

“అర మీటరంటే మోకాలి దాకా.”

“ఎవరి మోకాలో రాశారా అందులో?”

“నేను తట్టింది నా నెత్తి దగ్గర! నవ్వకండి. సోమవారం కెప్టెన్ వస్తున్నాడు. కొత్తాయన. ప్రతి ఇల్లూ, ప్రతి గదీ చూస్తాడట. అందుకే ముందుగా నేనొచ్చి చూశా.”

“అదా సంగతి! పన్నెండేళ్ళుగా వంటింటి గుమ్మం పక్కన రెండు తట్లు తట్టి, ‘చెక్కే’ అని కాగితం మీద రాసుకుని బల్ల దగ్గర కూలబడే మనిషి, ఇవాళ తిన్నగా చీజు గదిలోకి నడిచాడేమిటా అనుకున్నా.”

“కోటకి ఆరువందల మీటర్ల లోపు ఇటుక గోడ లేవకూడదు. యుద్ధమొస్తే గంటలో తగలబడిపోయేలా ఉండాలి ఇల్లు. లేకపోతే శత్రువు దాని చాటున నక్కి మా మీద కాలుస్తాడు.”

“నక్కనీయండి. పై అర మీంచి ఒక చీజు దిమ్మ దొర్లిస్తా వాడి నెత్తిన.”

“డీవర్ గారూ!”

“ఏం డీవర్ గారు? నా ఇల్లు తగలబెట్టేది మీరే. శత్రువు దాటకుండా నా పొలంలోకి మోకాటిలోతు నీళ్ళు వదిలేది మీరే. నడుద్దామంటే లోతు, పడవేద్దామంటే మెరక. ఇల్లు కాలి పొలం మునిగాక, పాపం ఆ వచ్చినవాడికి పాడుచెయ్యడానికి నా దగ్గర ఇంకేం మిగిలింది?”

“అదంతా ఆమ్‌స్టర్‌డామ్‌ని కాపాడటానికి.”

“ఆమ్‌స్టర్‌డామ్ వాళ్ళు ఇటుక మేడల్లో కూర్చుని నా చీజు తింటున్నారు. వాళ్ళనో ఏడాది చెక్క ఇళ్ళలో ఉండమనండి.”

“చట్టం నేను రాశానా?”

“మా ఆయన ఉన్న రోజుల్లో, డెబ్భైలో, పొరుగు రాజ్యాలు కొట్టుకుంటుంటే సిపాయిలొచ్చి ఈ గోడకే గడ్డిమోపులు ఆనించారు. పైనుంచి మాట రాగానే అంటిస్తామన్నారు. మాట రాలేదు. ఆ గడ్డి మా ఆవులు తిన్నాయి.”

“ఇప్పుడు మాట వచ్చింది. సోమవారం లోపల ఈ ఇటుక తీసెయ్యాలి.”

“తియ్యను.”

“తియ్యాలి.”

“జులైలో ఈ గది ఎలా ఉంటుందో తెలుసా మీకు? చెక్క వేడిని ఆపదు. అయిదేళ్ళ కిందట ముప్ఫై దిమ్మలు ఉబ్బి పగిలాయి. ఆ కంపు చర్చి దాకా పోయింది.”

“నాకు తెలియకేం? వాటిలో సగం పట్టుకెళ్ళి కోటలో సిపాయిలకి పెట్టించింది నేనేగా.”

“అయ్యో. ఏమన్నారు పాపం?”

“ఇంతకన్నా శత్రువొస్తేనే నయం అన్నారు.”

“మరి? ఇప్పుడు అరల మీద అరవై ఉన్నాయి. నా ఏడాది బతుకు అదంతా. గోడ తియ్యను బారెండ్ గారూ.”

“మీరు తియ్యకపోతే కెప్టెన్ తీయిస్తాడు.”

“తీయించే ముందు కొలుస్తాడుగా?”

“కొలవడమెందుకు? పుస్తకంలో ఉంది. కందకం గట్టు నుంచి మీ గోడకి అయిదొందల తొంభై.”

“ఎవరు కొలిచారు?”

“నేనే. అడుగులేసి.”

“అడుగులా! కెప్టెన్ అడుగులెయ్యడు. కొలత గొలుసు తెప్పిస్తాడు.”

“ఆ... గొలుసుదాకా రానివ్వకూడదనే నా బాధ. గోడ లేదనుకోండి, గొలుసు ఎందుకు? చెక్క ఇల్లు చూస్తాడు, కాఫీ తాగుతాడు, పోతాడు.”

“తెస్తే తేనీయండి. ఒక కొస నేనే పట్టుకుంటా.”

“వద్దు.”

“ఏం?”

“వానలో గొలుసు తుప్పు పడుతుంది.”

“వానేదీ?”

“సోమవారం వస్తుంది.”

“ఎవరు చెప్పారు?”

“నా కీళ్ళు.”

“కీళ్ళు చెబితే గొడుగు పట్టుకుని కొలుస్తాం.”

“గట్టంతా దురదగొండి, డీవర్ గారూ. మీ కాళ్ళు...”

“నేను ఆ గట్టు మీదే పెరిగా. ఇటు చూడండి. అటు కాదు, చీజు వైపు కాదు. నా వైపు. గొలుసంటే మీకెందుకంత గుబులు?”

“గుబులా? నాకా?”

“మీకే. చెబితే కాఫీ పోస్తా.”

“చెబితే పొయ్యరు.”

“చెప్పండి.”

“ఆరొందల పదకొండు.”

“ఏమిటది?”

“మీటర్లు. మీ గోడ దాకా. నేనొచ్చిన మరుసటేడు కోటకి కొత్త గొలుసు ఇచ్చారు. కొత్తది కదాని ముచ్చటపడి కొలిచా. నా అడుగులు తప్పు. అప్పుడు వయసులో ఉన్నా, కవాతు నడక, అంగలు పెద్దవి. మీ ఇల్లు మొదట్నుంచీ ఆ ఆరొందల గీతకి అవతలే ఉంది. ఇటుకతో మేడ కట్టుకున్నా అడిగేవాడు లేడు.”

“పదకొండేళ్ళ కిందట కొలిచారు!”

“ఆఁ.”

“తెలిసి!”

“తెలిసే.”

“ముప్ఫై దిమ్మలు పగిలిన ఏడు కూడా తెలుసు!”

“ఆ ఏడు కూడా. చెబుదామనే వచ్చా, ఒట్టు. మీరు మజ్జిగ జావ పెట్టారు, పాకం పోసి.”

“తాగి చెప్పొచ్చుగా?”

“తాగాక కునుకొచ్చింది.”

“మరుసటి శనివారం?”

“బఠాణీ పులుసు.”

“ఆ పై శనివారం?”

“అట్లు.”

“సిగ్గు లేదూ?”

“ఉంది. ఆదివారం నుంచి శుక్రవారం దాకా బాగానే ఉండేది.”

“కూటి కోసం నా చీజుని కుళ్ళబెట్టావా, పెద్దమనిషీ!”

“కూడు కోటలోనూ పెడతారు.”

“మరింకెందుకు?”

“గీతకి అవతలున్న ఇంటిని చూసే పని కావలిదారుకి లేదు. ఆ మాట బయటపెట్టిన క్షణం నుంచి ఈ గుమ్మంలో నాకు పనుండదు. ఇంకో వంక కల్పించుకుని వద్దామంటే, అంత తెలివి నాకు లేదు.”

“ఈ సంగతి కెప్టెన్‌కి మీరు చెబుతారా, నన్ను చెప్పమంటారా?”

“సరే. సోమవారం కెప్టెన్‌కి నేనే చెప్పేస్తా. ఎక్కడో సముద్రం ఒడ్డున డెన్ హెల్డర్ కోటకి పంపేస్తాడు. ఉప్పుగాలి, ఇసక, పలకరించే దిక్కుండదు. నాకు తగినదే. మీ గోడ మీకుంటుంది. ఇప్పుడు ఏదైనా విసరాలనుంటే విసరండి.”

“కూర్చోండి.”

“విసరరా?”

“కూర్చోమన్నానా! ఆ దిమ్మకి ఆనుకోకండి, నిన్ననే ఉప్పు పట్టించా. ఈ ఇటుక ఎప్పటిదనుకుంటున్నారు?”

“ఈ వసంతంలోదేమో.”

“నాలుగేళ్ళయింది.”

“నాలుగేళ్ళా! నేను వారం వారం వస్తూనే ఉన్నాగా!”

“వస్తూనే ఉన్నారు. వంటింట్లో తిని పోతూనే ఉన్నారు.”

“ఎంత ధైర్యం మీకు! పట్టుబడితే?”

“పట్టుబడటానికేముంది? చీజు పగిలిన ఆ ఏడే బడి పంతులుగారు పిల్లలకి కొలతలు నేర్పుతూ కందకం గట్టు నుంచి పొలానికడ్డంగా కొలతాడు పట్టించారు. మా ఇంటి దగ్గరికొచ్చి మంచినీళ్ళడిగారు. ‘ఆరొందల పదకొండమ్మా, చెక్కలో ఎందుకుంటున్నావు’ అన్నారు.”

“అయితే మీకు... మీకు ముందే తెలుసా?”

“ఆ వారమంతా మిమ్మల్ని కందకంలో ఎటునుంచి తొయ్యాలా అని చూశా.”

“తొయ్యలేదేం?”

“శనివారం వచ్చింది. మీరు టోపీ తీసి, చెక్క చెప్పులు గుమ్మం బయట విడిచి, రాజ్యభారమంతా మీ మీదే ఉన్నట్టు గోడకి చెవి ఆనించారు. నాకు నవ్వొచ్చింది.”

“ఉండండి, ఉండండి. నాకు అర్థం కావడం లేదు. గీత అవతలున్నామని తెలుసు. ఇటుక పెట్టుకుంటే తప్పు లేదని తెలుసు. మరి ఆ ఇటుక మీద ఈ పలకలెందుకు కొట్టించారు? ఏ కెప్టెన్ చూస్తాడని?”

“మధ్యలో కెప్టెన్ ఎవడు బారెండ్? ఇటుక బయటపడితే, శనివారం నువ్వొచ్చి తట్టడానికి నా ఇంట్లో ఇక గోడేదీ?”