దొర నెత్తిన పదకొండు మంది కాళ్ళు

మా జేజినాయన, మా నాయనకి నాయన, నారప్ప ఉన్నాడు చూడండి, ఆయప్ప దొర దగ్గర వంటోడు. మదనపల్లె నుంచి నీలగిరి కొండల దాకా దొర ఎనక గుడ్ల బుట్ట మోసుకుంటా పోయినోడు. ఆ దొర పేరు పిల్కిన్ దొర. ఏం పని ఆయప్పకి అంటారా? కొలిచేది. చేన్లు కాదు, మనుషుల్ని! కొండల్లో ఉండే జనాల ముక్కు ఎంత, చెవి ఎంత, నెత్తి ఎంత అని ఇనప పట్టకారు మాదిరిదాంతో పట్టి కొలిచేది, పుస్తకంలో రాసుకునేది. ముక్కు కొలిస్తే ఏం తెలుస్తాదో ఎవురికి తెలుసు, దొరకే తెలియాల. మా జేజినాయన ముక్కు గూడా మూడుసార్లు కొలిచినాడంట, మూడుసార్లకీ మూడు లెక్కలొచ్చినాయంట. నవ్వద్దే వెంకటలచ్చీ, నీ ముక్కు చూసింటే ఆయప్ప ఇంగో పుస్తకం కొనింటాడు.

సరే, ఆ నీలగిరిలో తోడాలని ఒగ కొండజాతోళ్ళు ఉండారు. వాళ్ళకి ఎనుములంటే, అదే బర్రెలంటే, పానం. మన బండి గూడు మాదిరి ఇండ్లు, లోపలికి పాకతా పోవాల. దొర పోయి ఆ వాకిట్లో ఇరుక్కుంటే, మా జేజినాయనే కాళ్ళు పట్టి ఎనక్కి లాగినాడంట. ఆ పల్లెకి పెద్ద మోత్‌కుడన్ తాత. బొడ్డు దాకా గడ్డం. ముక్కులు చెవులు కొలిస్తే వాళ్ళేమీ అనలేదు, పాపం ఇంత కొండెక్కి వచ్చినాడు, కొలుచుకోనీ అనుకున్నారంట. ఏమైందంటే, దొర కన్ను గంట మీద పడింది. మందలో పెద్ద ఎనుముకి పండగనాడు కట్టే పాత గంట, తక్కిన దినాలు పాలు కాసి చిలికే గుడింట్లో పెడతారు. వాళ్ళకి అది దేవుడే. దొర ఏమన్నాడు, దీన్ని మా దేశంలో అద్దాల పెట్టెలో పెడతా, ఇయ్యండి అన్నాడు. తాత, అది పోతే మాకు మంద లేదు, మంద పోతే మేమే లేము నాయనా అన్నాడంట. దొర ఇనలా. కచ్చేరీ కాయితం ఉండాది నా దగ్గర, రేపు పొద్దున్నే పట్టుకోని పోతా అన్నాడు. ఆ మాట అరవంలో వాళ్ళకి చెప్పాల్సింది మా జేజినాయనే గదా, చెప్పతా చెప్పతా ఏడుపొచ్చిందంట ఆయప్పకి.

తెల్లారింది. దొర వచ్చినాడు. ఇంగ ఒగే కొలత మిగిలింది, తాత పాదం. గంట తీసుకునే ముందు అది గూడా రాసుకుందామని, టోపీ తీసి పక్కన పెట్టి, మోకాళ్ళ మీద కూచోని, తాత కాళ్ళ కాడ తల వంచినాడు. ఇంగ చూడు! వాళ్ళల్లో చిన్నోళ్ళు వంగితే పెద్దోళ్ళు కాలెత్తి నెత్తిన పెట్టాల. అదే దీవెన. పెట్టకపోతే పెద్దోనికే తప్పు. తాత ఏం చేస్తాడు, కుడికాలెత్తి దొర నెత్తిన పెట్టినాడు. ఆనేక ఎడమకాలు. మా జేజినాయన చేతిలో గుడ్డు కింద పడి పగిలిపాయ. అప్పటిదాకా ఏడస్తా ఉండిన ఆడోళ్ళు, "వంగినాడమ్మో, మన బిడ్డే!" అని ఒగటే కేకలు. తాతతో కలిపి ముసిలోళ్ళు పదకొండు మంది, వరస కట్టినారు, అందురూ పెట్టాల గదా మరి. దొర లేద్దామని తలెత్తేది, ఇంగో కాలొచ్చి పడేది. అయినా పని మరిచిపోలేదు మారాజు, వచ్చిన కాలు వచ్చినట్టే కొలిచి రాసుకున్నాడు.

అప్పుడు తాత దొర గడ్డం పట్టుకోని, "నాయనా, ఇప్పుడు నువ్వు మా ఇంటి పిల్లోడివి, గంట నీది గూడా. తీసుకో. అయితే గంట కాసేవోనికి పద్ధతులుండాయి. గుడింట్లోనే ఉండాల, పెండ్లాం మొగం చూడగూడదు, వాగు మీద వంతెన గూడా దాటగూడదు" అన్నాడంట. సముద్రం దాటాలనుకున్నోనికి వాగు దాటేదే లేదనిరి! మా జేజినాయన దాన్ని వచ్చీరాని ఇంగ్లీషులో చెప్తా, చుట్ట తాగగూడదు, గుడ్డు తినగూడదు అని తన పక్క నుంచి రెండు కలిపినాడు. ఇంతలో ఒగాయప్ప, గంట కాసేవోడు ఒంటి మీద అదొగటే కట్టుకునే నల్లగుడ్డ తెచ్చి దొర చేతిలో పెట్టినాడు. ఇద్దరు ముసిలోళ్ళు అప్పుడే కోటు గుండీలు ఇప్పతా ఉండారు. దొర గుడ్డని చూసినాడు. చుట్టూ మంచు చూసినాడు. టేపు తీసి గుడ్డని కొలిచినాడు. మళ్ళా కొలిచినాడు. అంతే, టోపీ గూడా ఇడిసిపెట్టి కొండ దిగి ఒగటే పరుగు! మళ్ళా కాయితం పట్టుకోని ఎందుకు రాలేదంటారా? వస్తే బిడ్డొచ్చినాడని పదకొండు మందీ కాళ్ళెత్తుతారు గదా!

గంట గుడింట్లోనే ఉండిపాయ. దొర టోపీలో ఎనుము దూడలకి, ఆ దుడ్డెలకి, ఉప్పు పెడతా ఉండిరంట. ఆనేక కొన్నేండ్లకి దొర పుస్తకం అచ్చయింది, ఇస్కూలు అయ్యవారు మా జేజినాయనకి చదివి చెప్పినాడు. ముక్కులుండాయి, చెవులుండాయి, ఇరవై రెండు పాదాలుండాయి, నల్లగుడ్డ పొడుగు గూడా ఉండాదంట. ఆ కాలెత్తి దీవించే సంగతి గూడా రాసినాడు, "దీన్ని నేను దూరం నుంచి చూసితిని" అని. అన్నీ కొలిచినోడు, ఆ దూరమెంతో మటుకు రాయలేదు చూడు.