అవ్వ దిగని ఫోటో

పందొమ్మిది వందల ఎనభై నాలుగు, ఎండాకాలం. కాంబోడియాలో పుట్టిన ఒకావిడ పల్లె బతుకుల మీద సినిమా తీయడానికి తొర్రూరు వచ్చింది. ఊళ్లో ఆమె వెంట కెమెరా మోసిన ఒక అమ్మాయి, మిగతా పనికి సాయంగా ఆమె తనను మద్రాసు రమ్మందని చెప్పగానే ఆ అమ్మాయి తల్లి చేతిలోని చాట కింద పెట్టేసింది.

"మద్రాసా? బస్సు బోల్తా పడితే? జరమొస్తే దవాఖానకు ఎవరు తీస్కపోతరు?"

"ఆమె ఉంటది గద అవ్వా."

"ఆమెకే దిక్కు లేదంటివి. ఇంటోళ్లంత ఆ దేశంలనే సచ్చిపోయిండ్రంటివి."

"అయినా ఆగలేదు గదా! పారిస్‌ల హోటల్ల ఎంగిలి పళ్లాలు కడుక్కుంట కెమెరా నేర్చింది. ఇప్పుడు దేశాలు తిరిగి సినిమాలు తీస్తున్నది."

"వాళ్లవ్వ ఫోటో అన్న మిగిలిందా?"

"ఒక్కటి గూడ లేదు. ముఖం యాదికొస్తలేదని ఏడుస్తది. నువ్వేమో కెమెరా చూడంగనే కొట్టంల దాక్కుంటివి."

"ఫోటో దిగితే ఆయుష్షు తగ్గుతదని మా అత్త చెప్పేది."

"అయితే నేను గూడ నీ ముఖం మరిచిపోవాల్నా? నేనైతే పోతనే అవ్వా."

 తల్లి కొంగుతో ముఖం తుడుచుకుని, వాకిట్లో ఎండలోకి వెళ్లి నిలబడింది.

"పో, ఆమెనడిగి కెమెరా పట్టుకరా. ఆమె గాదు, నువ్వే తియ్యాలె. చెయ్యి వణికిందో, మద్రాసు పోనియ్య."