ఎర్ర సున్నా

వీధిలో హత్య జరిగింది. వీధి కెమెరాలో పరిగెత్తుతూ కనిపించిన ఇస్త్రీ బండివాడి చుట్టూ ఎర్ర సున్నా గీసి, ‘హంతకుడు ఇతడేనా?’ అంటూ ఒక టీవీ చానల్ పొద్దుటినుంచి తిప్పిందే తిప్పుతోంది. అతను ఆ చానల్‌కే ఫోన్ చేశాడు.

“అయ్యా, నేను పరిగెత్తింది డాక్టరు కోసం! పొడిచినవాడు వేరే.”

“డాక్టరు ఇంటిదగ్గర కెమెరా లేదు బాబాయ్. మా దగ్గరున్నది నీ పరుగే.”

“నేను సాక్షినని పోలీసులే చెప్పారు కదా!”

“సాక్షిని ఎవడు చూస్తాడు? స్టూడియోకి వచ్చి చెప్పుకో.”

“రాకపోతే?”

“పరారీ అని వేస్తాం.”

“ఎలా రాను బాబూ? వీధంతా కర్రలు పట్టుకుని గుమ్మంలో ఉంది. మా ఆవిడ తలుపుకి మంచం అడ్డం పెట్టింది. పెరటి గోడ దూకి రానా?”

“దూకు బాబాయ్, దూకు. మా కెమెరా అటే ఉంది.”