మంచు పడకముందు చెప్పిన కథ

అమెరికాలోని నవహో తెగవారి నేలలో జూలై ఎండ. యాత్రికులను ఎర్రకొండల చుట్టూ తిప్పి వచ్చిన మనవరాలు జీపు తాళాలు పక్కన పడేసింది. మగ్గం ముందు కూర్చున్న అమ్మమ్మ తల ఎత్తలేదు.

"నక్క కథలు చెప్పావా వాళ్ళకి?"

"లేదమ్మమ్మా. మంచు పడేదాకా చెప్పకూడదుగా, పాములు వింటాయి. అందుకని నీ కథ చెప్పాను. ఒంటిరాయి కింద తాతయ్య కోసం మూడేళ్ళు ఎదురుచూశావని."

"మూడేళ్ళేంటే? ట్రక్కు చెడిపోయి మధ్యాహ్నానికి వచ్చాడు."

"అసలు రానేలేదని చెప్పాను. ఒకావిడ ఏడ్చేసింది."

"ఆయన ఇవాళ గొర్రెలు కాస్తున్నది ఆ రాయి కిందేగా. మిమ్మల్ని చూళ్ళేదూ?"

"చూశాడు. చెయ్యి కూడా ఊపాడు. ఆయనెవరని వాళ్ళు అడిగారు."

"ఏమన్నావు?"

"నీ రెండో మొగుడన్నాను."

అమ్మమ్మ నిదానంగా రెండు వరసలు నేసింది.

"ఆ మొదటివాడే నయం," అంది.